ఇంటికి వచ్చిన క్రాసు కుక్క మాట వినాలంటే

నిర్వాహకురాలు: శ్రోతలందరికీ నమస్కారం. నెల్లూరు నుంచి మేము అందిస్తున్న ఈ సంభాషణలో ఈ వారం విషయం, ఇంట్లో పెంచుకునే క్రాసు కుక్కకు శిక్షణ ఇవ్వడంలో ఎదురయ్యే చిక్కులు. పశుసంవర్ధక శాఖలో చాలాకాలం పనిచేసి పదవీ విరమణ చేసిన పశువైద్యులు ఒకరు మనతో ఉన్నారు. డాక్టరు గారూ, మాకు చేరిన ప్రశ్నలలో చాలావరకు ఒకే తీరుగా మొదలవుతున్నాయి. "మా కుక్క తల్లి లాబ్రడార్, తండ్రి ఏ జాతిదో తెలియదు, అందువల్లనే అది మాట వినడం లేదేమో" అని అడుగుతున్నారు. ఈ అనుమానంలో నిజం ఎంత?

డాక్టరు: నమస్కారమమ్మా. నిజం చాలా తక్కువ. ఇందుకూరుపేట, విడవలూరు వైపు రొయ్యల గుంటల దగ్గర కాపలాకు తెచ్చిన జర్మన్ షెపర్డ్‌కూ ఊరకుక్కకూ పుట్టిన పిల్లలు, పట్నంలో లాబ్రడార్‌కూ వీధికుక్కకూ పుట్టిన పిల్లలు, మనం పామరేనియన్ అని పిలిచే తెల్ల కుక్కలకు పుట్టిన పిల్లలు, ఇలా రకరకాలుగా మన ఇళ్లకు చేరుతుంటాయి. అన్నట్టు, ఆ తెల్ల కుక్కలలో చాలావరకు ఇండియన్ స్పిట్జ్ జాతివే గాని పామరేనియన్లు కావు. జాతికుక్క అనుకున్నదాని పేరే మనకు సరిగా తెలియనప్పుడు, క్రాసు కుక్క ముఖం చూసి దాని స్వభావాన్ని ఎలా చెప్పగలం? 2022లో సైన్స్ పత్రికలో అమెరికా శాస్త్రవేత్తలు ఒక పెద్ద అధ్యయనాన్ని ప్రచురించారు. 18 వేలకు పైగా కుక్కల యజమానులను ప్రశ్నించి, 2 వేలకు పైగా కుక్కల జన్యువులను పరిశీలించారు. వాటిలో దాదాపు సగం క్రాసు కుక్కలే. ఒక కుక్కకూ మరొక కుక్కకూ నడతలో కనిపించే తేడాలో జాతి వల్ల వచ్చేది సుమారు 9 శాతమేనని వారు తేల్చారు.

నిర్వాహకురాలు: అయితే జాతికి అసలు విలువే లేదంటారా?

డాక్టరు: అలా అనను. మనిషి చెప్పినదానికి స్పందించే గుణం వంటి కొన్నింటిలో జాతి ప్రభావం కొంత ఎక్కువగానే కనిపించింది. అయితే ఎంత తొందరగా బెదిరిపోయి కోపగించుకుంటుందనే విషయంలో అది దాదాపు లేనట్టే తేలింది. మన శ్రోతలకు నేను చెప్పేది ఏమిటంటే, కుక్క ఏ జాతుల కలయిక అన్న చర్చ మాని, అది దేనికి భయపడుతోందో, దేనిని చూసి ఉరుకుతోందో, ఏ తిండి కోసం ఏ పనైనా చేస్తుందో వారం రోజులు గమనించి కాగితం మీద రాసుకోవాలి. ఆ కాగితమే శిక్షణకు పనికివస్తుంది.

నిర్వాహకురాలు: కావలి నుంచి ఒక శ్రోత, నెల రోజుల పిల్లను తెచ్చుకున్నామనీ, అది చేతులనూ కాళ్లనూ రక్తం వచ్చేలా కొరుకుతోందనీ రాశారు.

డాక్టరు: నెల రోజులకు తేవడమే ఆ చిక్కుకు మూలం. ఒకే ఈతలో పుట్టిన పిల్లలు ఆడుకునేటప్పుడు ఒకటి గట్టిగా కొరికితే రెండోది కీచుమని అరిచి ఆట ఆపేస్తుంది. తల్లి కూడా అక్కడికక్కడే మందలిస్తుంది. ఎంత గట్టిగా కొరికితే నొప్పి కలుగుతుందో పిల్ల నేర్చుకునేది అక్కడే. అందువల్ల కనీసం 8 వారాలు నిండేదాకా పిల్లను తల్లి దగ్గర ఉంచాలి. ఇప్పటికే తెచ్చుకున్నవారు చేయగలిగింది ఒకటుంది. పన్ను తగలగానే ఆట ఆపి లేచి పక్కకు వెళ్లిపోవాలి, కొంతసేపటి తరువాత మళ్లీ రావాలి. ఇంట్లో అందరూ ఇదే చేయాలి. పిల్లలు కేకలు వేస్తూ పరుగెత్తితే కుక్కపిల్లకు అది ఇంకా మంచి ఆటగా తోస్తుంది. ఆరేడు నెలలు వచ్చేదాకా పాలపళ్లు ఊడి కొత్తవి వస్తుంటాయి కనుక, కొరకడానికి దానికంటూ ఒక గట్టి బొమ్మ ఇవ్వడం కూడా అవసరం.

నిర్వాహకురాలు: టీకాలన్నీ పూర్తయ్యేదాకా పిల్లను గడప దాటించవద్దని చాలామంది చెబుతారు. దానిని మీరు సమర్థిస్తారా?

డాక్టరు: సగం సమర్థిస్తాను. కుక్కపిల్లలకు ప్రాణాంతకమైన వాంతులు, విరేచనాలు తెచ్చే పార్వో వైరస్ నేలలో నెలల తరబడి బతికి ఉంటుంది కనుక వీధికుక్కలు తిరిగే చోట పిల్లను నేల మీద వదలకూడదు. టీకాలు 6 నుంచి 8 వారాల మధ్య మొదలై, కొన్ని వారాలకు ఒకటి చొప్పున 16 వారాల దాకా సాగుతాయి. రేబిస్ టీకాను సాధారణంగా మూడు నెలల వయసులో వేసి, తరువాత పశువైద్యులు చెప్పిన గడువు ప్రకారం మళ్లీ వేయించాలి. అయితే పిల్ల లోకాన్ని భయం లేకుండా అంగీకరించే వయసు 3 వారాల నుంచి 14 వారాల దాకానే ఉంటుంది. టీకాల కోసమని ఆ కాలమంతా మేడ మీద గదిలో బంధించి ఉంచితే, వైరస్ నుంచి కాపాడుకున్నా జీవితాంతం భయపడే కుక్క మిగులుతుంది. దీనికి మార్గం ఎత్తుకుని తిప్పడమే. ట్రంకు రోడ్డు మీద లారీల మోత, సంతలో జనం, గొడుగు పట్టుకున్న మనిషి, హెల్మెట్ పెట్టుకున్న మనిషి, కుక్కర్ ఈల, ఇవన్నీ మన చేతుల్లోనో ఒళ్లోనో కూర్చుని అది చూడాలి, వినాలి. చూసిన ప్రతిసారీ చిన్న తాయిలం పెట్టాలి.

నిర్వాహకురాలు: తాయిలం అంటే ఏమి పెట్టమంటారు? బజారులో దొరికే పొట్లాలు అందరికీ అందుబాటులో ఉండవు కదా.

డాక్టరు: అవి అక్కరలేదమ్మా. ఉప్పు, కారం లేకుండా ఉడికించిన కోడిమాంసాన్ని శనగగింజంత ముక్కలు చేసుకుంటే చాలు. ఉడికించిన గుడ్డు, చివరికి బొరుగులు కూడా కొన్ని కుక్కలు ఇష్టంగా తింటాయి. ఉల్లి, వెల్లుల్లి, ద్రాక్ష, ఎండుద్రాక్ష, చాక్లెట్ మాత్రం వాటికి విషం. చేపల పులుసులో ముక్క పెట్టే అలవాటు మన జిల్లాలో ఎక్కువ. అందులో ముల్లూ ఉంటుంది, ఉల్లీ ఉంటుంది. దయచేసి పెట్టవద్దు.

నిర్వాహకురాలు: ఇంట్లోనే ఒంటికి, రెంటికి వెళ్లడం గురించిన ప్రశ్నలు కూడా చాలా ఉన్నాయి. కొట్టినా మారడం లేదని అంటున్నారు.

డాక్టరు: కొట్టినందువల్లనే మారడం లేదు. జరిగిన పది నిమిషాల తరువాత దాని మూతిని అక్కడ రాసి కొడితే, తప్పు ఏమిటో దానికి తెలియదు, మనిషి ఎదుట ఆ పని చేయకూడదని మాత్రం తెలుస్తుంది. ఆ తరువాత మంచం కిందకో బీరువా వెనుకకో వెళ్లి చేస్తుంది. నిద్ర లేవగానే, తినగానే, ఆట ముగియగానే పెరట్లో ఒకే చోటికి తీసుకువెళ్లి, పని పూర్తయిన క్షణంలోనే తాయిలం పెట్టాలి. ఫినాయిల్‌తో తుడిస్తే మన ముక్కుకు వాసన పోతుంది గాని దాని ముక్కుకు పోదు, మళ్లీ అక్కడికే వస్తుంది. ఎంజైములు ఉన్న క్లీనర్ వాడితే ఆ వాసన విరిగిపోతుంది.

నిర్వాహకురాలు: ఇక నాకు అన్నింటికంటే ఆసక్తిగా అనిపించిన ఉత్తరం కందుకూరు నుంచి వచ్చింది. ఉమ్మడి కుటుంబం. భోజనాల వేళ కుక్క ప్రతి ఒక్కరి పళ్లెం దగ్గరా నిలబడి మూలుగుతుందట, అందరూ గదుముతున్నా మానడం లేదట.

డాక్టరు: అందరూ గదుముతున్నారా, లేక ఒకరు తప్ప అందరూ గదుముతున్నారా అన్నది అడగవలసిన ప్రశ్న. సాధారణంగా ఆ ఇంట్లో నాయనమ్మో తాతయ్యో జాలిపడి, ఎవరూ చూడనప్పుడు ఒక ముద్ద వేస్తుంటారు. రోజూ పెట్టినదానికంటే ఎప్పుడో ఒకసారి పెట్టినదే అలవాటును గట్టిపరుస్తుందని స్కిన్నర్ వంటి మనస్తత్వ శాస్త్రవేత్తలు ఎన్నో ప్రయోగాలలో చూపించారు. గాలం వేసి కూర్చున్న మనిషి, పొద్దుటి నుంచి చేప పడలేదని లేచిపోడు కదా, నిన్న ఒకటి పడిందన్న గుర్తు చాలు అతనిని కూర్చోబెట్టడానికి. కుక్క కూడా అలాగే కూర్చుంటుంది. నాయనమ్మను తప్పుపట్టకండి. ఆమెకు పెట్టాలనే ఉంటుంది కనుక ఆ పనిని ఆమెకే అప్పగించండి. అందరి భోజనాలు అయ్యాక, కుక్క దాని గోనెపట్టా మీద పడుకుని ఉన్నప్పుడు మాత్రమే, దాని గిన్నెలో ఆమె చేతితో పెట్టించండి. అప్పుడు పళ్లెం దగ్గర నిలబడితే ఏమీ రాదనీ, పట్టా మీద పడుకుంటే వస్తుందనీ అది తెలుసుకుంటుంది. మొదటి కొన్ని రోజులు మూలుగు ఇంకా పెరుగుతుంది. సరిగ్గా ఆ రోజులలోనే ఎవరో ఒకరు విసిగిపోయి ఒక ముద్ద విసురుతారు. అలా విసిరితే, ఇంకా గట్టిగా మూలిగితే దొరుకుతుందని మనమే నేర్పినట్టవుతుంది.

నిర్వాహకురాలు: ఆజ్ఞల విషయంలో కూడా ఇంటిల్లిపాదీ ఒక మాటకు రావాలేమో.

డాక్టరు: తప్పకుండా. తండ్రి "సిట్" అని, తల్లి "కూర్చో" అని, పిల్లలు ఇంకొకటి అంటూ ఉంటే కుక్కకు ఏదీ పట్టుబడదు. ఏ మాట అయినా ఫరవాలేదు, ఒక్కటే ఉండాలి, ఒక్కసారే అనాలి. ఒక్కొక్క విడత అయిదు నిమిషాలు మించకూడదు.

నిర్వాహకురాలు: ఏడెనిమిది నెలల దాకా చక్కగా విన్న కుక్క ఒక్కసారిగా పేరు పెట్టి పిలిచినా రావడం లేదని ఒంగోలు నుంచి ఇద్దరు శ్రోతలు రాశారు. వారిలో ఒకరు దానిని ఎవరికైనా ఇచ్చేద్దామనుకుంటున్నారు.

డాక్టరు: ఇవ్వవద్దని నా మాటగా చెప్పండి. ఇది క్రాసు రక్తం బయటపడటం కాదు, వయసు. ఇంగ్లండులోని న్యూకాసిల్ విశ్వవిద్యాలయం పరిశోధకులు 2020లో ప్రచురించిన అధ్యయనంలో లాబ్రడార్లు, గోల్డెన్ రిట్రీవర్లు, ఆ రెండింటి క్రాసులు ఉన్నాయి. కూర్చోమని చెప్పినప్పుడు అవి 5 నెలల వయసులో తమను పెంచుతున్నవారి మాట విన్నంతగా 8 నెలల వయసులో వినలేదు. విచిత్రం ఏమిటంటే, అదే వయసులో కొత్త మనిషి చెబితే విన్నాయి. 12 నెలలు వచ్చేసరికి చాలావరకు కుదుటపడ్డాయి. మన ఊళ్లలో వీధిపాలయ్యే పెంపుడు కుక్కలలో ఈ వయసువే ఎక్కువగా కనిపిస్తాయి. ఇంకో మూడు నాలుగు నెలలు ఓపిక పట్టి ఉంటే ఆ కుటుంబాలకు మంచి కుక్క దక్కేది. ఈ కాలంలో కొత్త పాఠాలు పెట్టకుండా పాతవాటినే, పొడవైన తాడు కట్టి, తేలికైన చోట సాధన చేయించాలి. పిలిస్తే రాలేదని, వచ్చిన తరువాత కొట్టడం అన్నింటికంటే చెడ్డ పని. కుక్కల కుటుంబ నియంత్రణ ఆపరేషన్ ఏ వయసులో చేయించాలో కూడా ఈ దశలోనే పశువైద్యులతో మాట్లాడుకోవడం మంచిది. దానివల్ల మగకుక్కలు ఆడకుక్కల కోసం ఇల్లు వదిలిపోవడం చాలావరకు తగ్గుతుంది, అన్ని చిక్కులూ మాత్రం తీరవు.

నిర్వాహకురాలు: గేటు దగ్గర మొరగడం గురించి అడగకుండా ఉండలేను. పాలవాడు, గ్యాసు తెచ్చే అబ్బాయి, కొరియర్ మనిషి, అందరి మీదా పడుతుందని ఫిర్యాదులు.

డాక్టరు: కుక్క వైపు నుంచి ఆలోచించండి. కొరియర్ మనిషి వస్తాడు, అది మొరుగుతుంది, అతను వెళ్లిపోతాడు. అతను పని ముగిసినందువల్ల వెళ్లాడు, అది మాత్రం తన మొరుగుకు భయపడి వెళ్లాడనుకుంటుంది. రోజూ గెలుస్తున్న యుద్ధాన్ని ఎవరు మానుకుంటారు? రోజంతా గేటు పక్కన గొలుసుతో కట్టేస్తే ఇది మరింత ముదురుతుంది. గేటుకు అడుగున రేకు కొట్టించి వీధి కనబడకుండా చేయడం, ఎవరైనా వచ్చే వేళకు లోపలికి పిలిచి తాయిలం పెట్టడం, రెండూ కలిస్తేనే మార్పు వస్తుంది. ఇంకొకటి, గుర్రుమన్నందుకు కుక్కను కొట్టకండి. గుర్రుమనడం హెచ్చరిక. దానిని కొట్టి మాన్పిస్తే, హెచ్చరించకుండా నేరుగా కరిచే కుక్క తయారవుతుంది. శాంతంగా ఉండే కుక్క అకస్మాత్తుగా చిరాకు పడుతుంటే శిక్షణకంటే ముందు పశువుల ఆసుపత్రికి తీసుకువెళ్లండి. మన కోస్తా గాలిలో పిడుదుల వల్ల వచ్చే జ్వరం, చెవిలో పుండు వంటివి చాలాసార్లు కారణం. ఏ కుక్క కరిచినా, పెంపుడుదైనా సరే, గాయాన్ని సబ్బుతో ధారగా పారే నీటి కింద 15 నిమిషాలు కడిగి వెంటనే ఆసుపత్రికి వెళ్లాలి.

నిర్వాహకురాలు: ఎండాకాలంలో శిక్షణ ఎలా సాగించాలి?

డాక్టరు: ఏప్రిల్, మే నెలలలో సూర్యోదయానికి ముందే ముగించాలి. అరచేతి వెనుక భాగాన్ని తారురోడ్డు మీద ఏడు సెకన్లు ఉంచలేకపోతే దాని పాదాలకూ అది నిప్పే. రోహిణి కార్తెలో మధ్యాహ్నం అసలు బయటకు తీయకండి. ఇంటి లోపల చల్లటి గచ్చు మీద వాసన చూసి తాయిలం వెతికే ఆట ఆడించవచ్చు. దీపావళికి, రొట్టెల పండుగ రోజులలో దర్గా పరిసరాల ఇళ్లకు జనసందోహం వచ్చినప్పుడు, కుక్కను లోపలి గదిలో ఫ్యాను మోతలో ఉంచి, దగ్గర ఒకరు కూర్చోవాలి. భయపడుతున్నప్పుడు దగ్గరకు తీస్తే భయం పెరుగుతుందని అంటారు గాని, అది అపోహ.

నిర్వాహకురాలు: చివరిగా ఆత్మకూరు దగ్గరి పల్లె నుంచి ఒక ప్రశ్న. కుక్క అన్ని విధాలా బుద్ధిగా ఉంటుంది, పెరట్లో కోళ్లను మాత్రం బతకనివ్వడం లేదు. ఇది మానుతుందా?

డాక్టరు: చాలా కుక్కలు తగ్గిస్తాయి, కొన్ని ఎప్పటికీ మానవు. ముందు తాడు కట్టి, కోళ్లు కనబడినా ఉరకనంత దూరంలో నిలబెట్టి, మన వైపు తల తిప్పిన ప్రతిసారీ తాయిలం పెడుతూ, వారాల మీద ఆ దూరాన్ని కొంచెం కొంచెంగా తగ్గించాలి. ఒక్క కోడి దాని నోటికి చిక్కినా ఆ శ్రమంతా వెనక్కి పోతుంది. కనుక ఆ కుటుంబం ఈ రోజు చేయవలసిన పని, కోళ్ల గూటికి గట్టి గొళ్లెం పెట్టించడం. పాఠాలు రేపు పొద్దున మొదలుపెట్టవచ్చు.