సెయింట్ ఆండ్రూస్ హిమాలయాస్ రివ్యూ: గోల్ఫ్ రాని ముగ్గురం 18 హోల్స్ ఆడాం

నమస్తే అండీ. నా వెనకాల కనిపిస్తున్న ఈ గడ్డి గుట్టల పేరు హిమాలయాస్. నవ్వకండి, నిజంగా అదే పేరు. ఇది స్కాట్లాండ్‌లోని సెయింట్ ఆండ్రూస్.

ఇక్కడి ఓల్డ్ కోర్స్ అనే పేరుమోసిన గోల్ఫ్ మైదానం గురించి వినే ఉంటారు. పీక్ సీజన్‌లో ఒక్క రౌండ్‌కి 300 పౌండ్లు పైమాటే, అదీ స్లాట్ దొరికితే. పైగా హ్యాండిక్యాప్, అంటే మన ఆట స్థాయి చెప్పే అంకె, చూపించాలి. నాకు లేదు. ఊరి నుంచి వచ్చిన అమ్మానాన్నలకైతే ఆ మాటే తెలీదు. దాని పక్కనే ఉన్న ఈ హిమాలయాస్ పట్టింగ్ కోర్స్, అంటే బంతిని నేల మీద దొర్లించి గుంటలో వేసే చోటు. ఇక్కడ మాత్రం కొన్ని పౌండ్లు కడితే తలా ఒక పట్టర్ (దొర్లించే కర్ర), ఒక బంతి ఇచ్చి పంపించారు. అంతే!

దీని వెనక కథ కూడా బాగుంటుంది. 1867లో ఇక్కడి ఆడవాళ్ళు ఒక పట్టింగ్ క్లబ్ పెట్టుకున్నారు. ఆడవాళ్ళు కర్రని భుజం పైకెత్తి కొడితే మర్యాద కాదనుకునే రోజులవి. సరే, నేల మీద దొర్లించే ఆటైనా ఆడుకుందాం అనుకున్నారు. ఆ రోజుల్లో పేరుమోసిన గోల్ఫర్ ఓల్డ్ టామ్ మోరిస్ అంతటివాడు ఈ కోర్స్ తయారుచేసిపెట్టాడు. ఇప్పటికీ ఇది ఆడవాళ్ళ క్లబ్బే. కొన్ని వేళలు మెంబర్లకే, కాబట్టి టైమింగ్స్ చూసుకుని వెళ్ళండి.

ఇక ఆట. అమ్మ చీర మీద స్వెటర్, కాళ్ళకి స్పోర్ట్స్ షూస్. మొదటి దెబ్బకి బంతి గుట్ట సగం ఎక్కి, వెనక్కి దొర్లి ఆవిడ కాళ్ళ దగ్గరే ఆగింది. రెండోసారీ అంతే, మూడోసారీ అంతే. "ఏంట్రా ఇది, పెంపుడు పిల్లిలా నా దగ్గరికే వస్తోంది!" అని ఒకటే నవ్వు. నాన్న మాత్రం గొంతుక్కూర్చుని, ఒక కన్ను మూసి, గోలీలాటలో గుంట చూసినట్టు చూశారు. "నేరుగా కాదు, ఆ గట్టు పక్కగా పోనివ్వాలి" అన్నారు. బంతి అటు తిరిగి, ఇటు వాలి, హోల్‌లో పడింది. రిటైరయ్యాక ఆయన అంతలా అరవడం నేను వినలేదు.

ఐదో హోల్ తర్వాత స్కోరు రాయడం మానేశాం. ఆ హోల్‌కి అమ్మ ఆరు దెబ్బలే అంటుంది, నేను పదకొండు లెక్కపెట్టాను. కార్డు జేబులో పెట్టేశాక ఆట ఇంకా బాగా సాగింది.

మైనస్ ఒక్కటే, గాలి. సముద్రం పక్కనే, జూన్‌లో కూడా చెవులు గడ్డకట్టాయి. మంకీ క్యాప్ తెచ్చుకోండి, సిగ్గుపడక్కర్లేదు.

శనివారం వస్తే రాత్రికి ఉండిపోండి. ఆదివారం ఓల్డ్ కోర్స్‌లో మామూలుగా ఆట ఉండదు, జనం కుక్కల్ని తీసుకుని తిరుగుతుంటారు. మేమూ నడిచాం, అక్కడి పాత రాతి వంతెన స్విల్కన్ బ్రిడ్జి మీద ఫోటో దిగాం, పైసా ఖర్చు లేదు. "ఇంత నేల ఉంచుకుని ఒక గేదెనైనా మేపరా?" అని నాన్న అడిగారు.

నా రేటింగ్ ఐదుకి నాలుగున్నర. ఆ అర గాలికి కోశాను.

ఇదిగో, ఐదో హోల్ క్లిప్ మొత్తం పెడుతున్నాను. ఆరో పదకొండో మీరే లెక్కపెట్టి చెప్పండి, అమ్మ కామెంట్లు చదువుతుంది.