వార్తలు వినిపించిన మనిషి: శాంతి స్వరూప్ గారి గురించి నాలుగు మాటలు

వేదిక మీది పెద్దలకు, జర్నలిజం విద్యార్థులకు నమస్కారం. నన్ను ‘టీవీ వార్తల భాష’ మీద మాట్లాడమన్నారు. శాంతి స్వరూప్ గారిని పక్కన పెట్టి ఆ విషయం మాట్లాడడం నా వల్ల కాదు. కాబట్టి ఆయన గురించే చెబుతాను, మన్నించాలి.

1983 నవంబర్ 14న హైదరాబాద్ దూరదర్శన్‌లో తొలి తెలుగు వార్తలు చదివింది ఆయన. ఉద్యోగంలో చేరింది 1978లో. అంటే ఆ కుర్చీ కోసం ఏళ్ల తరబడి ఎదురుచూశారు. 2011లో రిటైరయ్యారు. 2024 ఏప్రిల్ 5న కన్నుమూశారు. ఆయన భార్య రోజారాణి గారు కూడా వార్తలు చదివినవారే.

ఇవన్నీ మీ ఫోన్లలో దొరుకుతాయి. మీరు ఆలోచించాల్సింది ఇంకొకటి ఉంది. మొదటి పదేళ్లూ ఆయన ముందు, చదవాల్సిన మాటలు కెమెరా దగ్గరే తెర మీద చూపించే టెలిప్రాంప్టర్ లేదు. చేతిలో కాగితాలే. తల దించుకుని చదివితే చూసేవాళ్లకు మొహం కనపడదు. అందుకని స్క్రిప్టు ముందే కంఠతా పట్టి, మన కళ్లలోకి చూస్తూ చెప్పేవారు. బాబూ, వెనక వరుసలో ఫోన్ చూస్తున్నవాళ్లు, ఈ ఒక్క ముక్కా వినండి. రోజుకో కొత్త స్క్రిప్టు!

మా నాన్నగారు రైస్ మిల్లులో గుమాస్తా. ఐదో తరగతితో చదువు ఆగిపోయింది. సాయంత్రం ఏడు గంటలకు మమ్మల్ని పక్కింటివాళ్ల టీవీ ముందు కూర్చోబెట్టి, నోటుబుక్కులు చేతికిచ్చి, వార్తలు రాయమనేవారు. రాయగలిగేవాళ్లం కూడా! వాక్యం ఎక్కడ ఆగాలో అక్కడ ఆగేవారు శాంతి స్వరూప్ గారు. నేను ‘ప్రదాని’ అని రాస్తుంటే, ‘ఆయన ఏమన్నాడో మళ్లీ విను’ అనేవారు నాన్న. మరునాడు విని, ఒత్తు పెట్టుకున్నాను. తర్వాత ముప్పై ఏళ్లకు పైగా తెలుగు మాస్టారుగా పిల్లలకు డిక్టేషన్ చెప్పాను. అలా చెప్పడం నాకు నేర్పింది ఆ వార్తలే.

ఇప్పుడు ఏ ఛానల్ పెట్టి మీ తమ్ముణ్ణో చెల్లెల్నో రాయమనండి. రెండు వాక్యాలు రాయలేరు. ఎవరో చనిపోయారన్న కబురుకి కూడా వెనక డప్పుల మోత, తెర మీద ఎగిరే అక్షరాలు. ఇంట్లో మనిషి పోయినవాళ్లు కూడా అది చూస్తుంటారు కదమ్మా! ఆ అరుపు విని వాళ్లు ఏమైపోవాలి? ప్రమాద వార్త చదివేటప్పుడు ఆయన గొంతు పెంచేవారు కాదు. మాట కాస్త నెమ్మదించేది, అంతే. విషయం ఎంత పెద్దదో మాకు అర్థమైపోయేది.

భాష గురించి ఇంకా చెప్పాలని రాసుకొచ్చాను. అవతల గంట కొట్టారు, అది వదిలేస్తాను. ఒక్క విన్నపం. ఆ రోజుల్లో వీసీఆర్ ఉన్న ఇళ్లలో సినిమాలతో పాటు వార్తలూ రికార్డయ్యేవి. మీ తాతయ్యల అటకల మీద అలాంటి క్యాసెట్లు ఉండొచ్చు. ఈ సెలవుల్లో దింపి చూడండి. బూజు పట్టినా పారేయకండి. కాలేజీ లైబ్రరీలో ఇవ్వండి. వాటిని డిజిటల్ చేయించే ఖర్చు నా పెన్షన్‌లోంచి ఇస్తానని ప్రిన్సిపాల్ గారికి ఇందాకే చెప్పాను.