పుదీనా మీద పచ్చ పెంకుపురుగు: తోటపని ఫోన్-ఇన్

వ్యాఖ్యాత: బ్రిటన్‌లో ఉంటున్న తెలుగు శ్రోతలకు నమస్కారం. పుదీనా ఆకుల మీద కనిపించే మెరిసే పచ్చ పెంకుపురుగు గురించి మీ ప్రశ్నలకు ఈ రోజు కీటకశాస్త్ర నిపుణురాలు సమాధానాలు చెబుతారు. మొదటి శ్రోత లైన్లో ఉన్నారు. చెప్పండమ్మా.

మొదటి శ్రోత: నమస్కారం మేడం. మా పెరట్లో ఒక పెద్ద కుండీలో పుదీనా పెంచుతున్నాను. ఆ పక్కనే గులాబీ ఉంది, దానికీ ఏదో తెగులు వచ్చింది గానీ దాని సంగతి తర్వాత అడుగుతాను. వారం క్రితం ఆకులన్నీ చిల్లులు పడి కనిపించాయి. మొదట నత్తలు తిన్నాయనుకున్నాను. తీరా దగ్గరకు వెళ్లి చూస్తే, పచ్చరాయిలా మెరిసే పురుగులు ఆకుల మీద నింపాదిగా కూర్చుని ఉన్నాయి. మా వారు మందు కొట్టేద్దామంటున్నారు. ఏ మందు కొట్టాలో చెప్పండి మేడం.

నిపుణురాలు: మందు విషయం కాసేపు పక్కన పెట్టి, ముందు ఆ పురుగు ఏదో నిర్ధారించుకుందామమ్మా. అది దాదాపు ఎంత పొడవు ఉంది? దాని మీద చారలేమైనా ఉన్నాయా?

మొదటి శ్రోత: చారలు లేవు మేడం. మొత్తం పచ్చగానే ఉంది, ఎండ పడితే కొంచెం బంగారు ఛాయ కనిపిస్తుంది. సెంటీమీటరు ఉంటుందేమో. కొన్నిటి పొట్ట ఉబ్బిపోయి, రెక్కల కింద నుంచి బయటకు వచ్చింది. వాటికేమైనా జబ్బు చేసిందా?

నిపుణురాలు: జబ్బు కాదమ్మా, అవి గుడ్లతో నిండిన ఆడ పురుగులు. మీరు చెప్పిన గుర్తులన్నీ పుదీనా పెంకుపురుగుకే సరిపోతున్నాయి. శాస్త్రవేత్తలు దీన్ని క్రైసోలైనా హెర్బేసియా అంటారు. పెద్ద పురుగు సుమారు 7 నుంచి 11 మిల్లీమీటర్ల వరకు పెరుగుతుంది. పెద్ద పురుగులూ, వాటి పిల్ల పురుగులూ రెండూ పుదీనా ఆకునే తింటాయి. పిల్ల పురుగులు ముదురు రంగులో, వీపు ఉబ్బెత్తుగా ఉంటాయి కనుక అవి మరో జాతివని పొరపడేవాళ్లు చాలామంది ఉన్నారు. అవి బాగా పెరిగాక మట్టిలోకి దిగి ప్యూపాలుగా, అంటే పెద్ద పురుగు కావడానికి ముందుండే దశలోకి మారతాయి. ఇక మందు మాట. తినే ఆకు మీద మందు కొట్టకూడదు. ఇదొక్కటే ఈ రోజు ఎన్నిసార్లయినా చెబుతాను.

మొదటి శ్రోత: అది సరే మేడం, మరి వేపనూనె కొట్టవచ్చా? అది సహజమైనదే కదా. లేకపోతే గిన్నెలు తోమే సబ్బు నీళ్లు చల్లమని మా తోడికోడలు చెప్పింది.

నిపుణురాలు: సహజమైనదైనా, పురుగును చంపడానికి వాడినప్పుడు అది పురుగుమందే అవుతుందమ్మా. ఆ ఆకును రేపు మీరే వంటకు కోసుకుంటారు. పుదీనా పూతకు వచ్చినప్పుడు తేనెటీగలూ, ఇతర కీటకాలూ అక్కడికే వస్తాయి. గిన్నెలు తోమే సబ్బు వల్ల లేత ఆకులు మాడిపోయే ప్రమాదం ఉంది. ఈ పురుగును వదిలించుకోవడం చాలా తేలిక, ఎందుకంటే అది పెద్దగా, మెరుస్తూ, నెమ్మదిగా కదులుతుంది. కొమ్మ కింద ఒక పళ్లెం పట్టుకుని మెల్లగా కదిపితే, అలజడికి కాళ్లు ముడుచుకుని అందులో రాలిపడుతుంది. వాటిని దూరంగా, మీరు కోసుకోని పుదీనా ఉన్నచోట వదలండి. ఆకు వెనుక వైపు కూడా తప్పకుండా చూడండి.

మొదటి శ్రోత: చేతితో పట్టుకుంటే కుడుతుందా? ఆ చిల్లుల ఆకులు తింటే మాకేమైనా అవుతుందా?

నిపుణురాలు: కుట్టదు. అయితే ఈ కుటుంబంలోని పెంకుపురుగులు తమను తాము కాపాడుకోవడానికి ఒంటి మీది గ్రంథుల నుంచి ద్రవం స్రవిస్తాయి కనుక, పట్టుకున్నాక చేతులు కడుక్కోవాలి. ఆకులను పురుగూ, గుడ్లూ, పెంటికలూ లేకుండా చూసి, బాగా కడిగి వాడుకోండి. మొక్క బతుకుతుందో లేదోనన్న బెంగ అక్కర్లేదు. పుదీనా ప్రాణమంతా మట్టిలోని పిలకవేళ్లలో ఉంటుంది. బాగా చిల్లులు పడిన కొమ్మలను మొదలు దగ్గర కోసేసి నీళ్లు పోయండి, కొత్త చిగుళ్లు వస్తాయి. రెండు వేరుముక్కలు తీసి ఇంకో కుండీలో, కాస్త దూరంగా నాటుకుంటే ఇంకా మంచిది.

మొదటి శ్రోత: చాలా సంతోషం మేడం. అయితే చివరిగా ఒక్క మాట, అవి మళ్లీ వస్తే అప్పుడు ఏ మందు కొట్టాలి?

నిపుణురాలు: ఏ మందూ కొట్టవద్దమ్మా! అప్పుడూ పళ్లెమే పట్టుకోండి. పొద్దున్నే ఒకసారి, సాయంత్రం ఒకసారి చూసుకుంటే చాలు.

వ్యాఖ్యాత: ధన్యవాదాలమ్మా. తర్వాతి శ్రోత.

రెండో శ్రోత: మేడం, మా రోజ్‌మేరీ మొక్క మీద ఇలాంటి పురుగే ఉంది, దాని మీద ఊదా రంగు చారలున్నాయి.

నిపుణురాలు: అది రోజ్‌మేరీ పెంకుపురుగు, క్రైసోలైనా అమెరికానా. పేరులో అమెరికా ఉన్నా దాని స్వస్థలం దక్షిణ ఐరోపా. 1990ల నుంచి బ్రిటన్‌లో బాగా వ్యాపించింది. లావెండర్‌ను కూడా తింటుంది. చేతితోనే ఏరండి. మందు వద్దు.

వ్యాఖ్యాత: ధన్యవాదాలు. తర్వాత ఎవరు?

మూడో శ్రోత: ఆకుల మీద సూది మొనంత చిల్లులున్నాయి, పురుగు తాకగానే ఎగిరి గెంతుతోంది.

నిపుణురాలు: గెంతేది ఫ్లీ బీటిల్ రకం, అది చాలా చిన్నది. పచ్చ పెంకుపురుగు గెంతదు.

నాలుగో శ్రోత: అక్కా, నేను బడిలో చదువుకుంటున్నాను. చచ్చిపోయిన పురుగుకు కూడా రంగు అలాగే ఉంది. రుద్దితే పోతుందా?

నిపుణురాలు: చాలా మంచి ప్రశ్న అడిగావు తల్లీ. అది పూసిన రంగు కాదు, రుద్దితే పోదు. పెంకులో ఒకదాని మీద ఒకటిగా అతి పలుచని పొరలుంటాయి. వాటి మీద పడిన వెలుగులో పచ్చని భాగం మాత్రమే బలంగా వెనక్కి వస్తుంది. పొరలు చెడిపోనంతకాలం ఆ మెరుపు ఉంటుంది. పురుగును కొంచెం అటూ ఇటూ తిప్పి చూడు, ఛాయ మారుతుంది.

ఐదో శ్రోత: మేడం, అది చీకట్లో కూడా పుదీనాను ఎలా కనుక్కుంటుంది?

నిపుణురాలు: వాసనతో. ఇటలీ శాస్త్రవేత్తలు 2011లో ప్రచురించిన పరిశోధనలో నీటి పుదీనాను పరిశీలించారు. దెబ్బతినని మొక్క వెదజల్లే వాసన ఈ పురుగును ఆకర్షిస్తుంది. పురుగు కొరికాక మొక్క విడుదల చేసే వాసన మారుతుంది. అప్పుడు మొక్క వెదజల్లే మెంథోఫ్యూరాన్ అనే పదార్థం పురుగును దూరంగా ఉంచేలా పనిచేస్తుంది. అంటే మొక్క ఊరికే తినబడటం లేదు, తన పోరాటం తాను చేస్తోంది. నాకు ఈ పురుగూ, ఈ మొక్కా రెండూ ఇష్టమే.

వ్యాఖ్యాత: చివరి శ్రోత, కొద్దిగా సమయమే ఉంది.

ఆరో శ్రోత: యార్క్ దగ్గర నది ఒడ్డున నడుస్తుంటే ఇలాంటి పురుగులే చూశాను. అవీ ఏరేయాలా?

నిపుణురాలు: వద్దు, దయచేసి వాటిని ముట్టుకోకండి. ఊజ్ నది ఒడ్డున ఉండేది టాన్సీ పెంకుపురుగు కావచ్చు. చూడటానికి దాదాపు ఇలాగే ఉంటుంది, కానీ బ్రిటన్‌లో చాలా అరుదైనది. ముఖ్యంగా పసుపుపచ్చ పూల టాన్సీ మొక్క మీద బతుకుతుంది, అప్పుడప్పుడు నీటి పుదీనా మీద కూడా కనిపిస్తుంది. ఒక ఫోటో తీసి, అది ఉన్న మొక్కను కూడా ఫోటోలో వచ్చేలా చూసి, స్థానిక వన్యప్రాణి సంస్థకు పంపండి. ఏరడం మీ కుండీ వరకే.

వ్యాఖ్యాత: సమయం అయిపోయింది. మేడం గారికి, శ్రోతలకు ధన్యవాదాలు.