ప్రేమకథ చివరి పేజీ

శ్రోతలకు నమస్కారం.

పెద్దవాళ్ల కోసం రాసే రొమాన్స్ నవల చేతిలోకి తీసుకున్నామంటే మనకో ధీమా ఉంటుంది. మధ్యలో ఎన్ని అపార్థాలు వచ్చినా, ఎంతమంది అడ్డుపడినా, ఆఖరికి ఆ ఇద్దరూ ఒక్కటవుతారు. అమెరికాలో రొమాన్స్ రచయితల సంఘం ఇచ్చిన నిర్వచనంలోనే ఈ సంగతి ఉంది. కథకి కేంద్రం ప్రేమ కావాలి, ముగింపు మనసుకి తృప్తినిచ్చేలా, ఆశ కలిగించేలా ఉండాలి అని. అంటే పాఠకుడికి ముందే అభయం ఇచ్చేశారన్నమాట.

టీనేజ్ పిల్లల కోసం, వాళ్ల ప్రేమల గురించి రాసే నవలలకి ఆ అభయం లేదు. పదహారు, పదిహేడేళ్ల అమ్మాయీ అబ్బాయీ ప్రేమించుకుంటారు. పుస్తకం అయిపోయేసరికి చాలాసార్లు ఎవరి దారి వాళ్లదవుతుంది. అయినా చదివినవాళ్లకి అది విషాదాంతంలా అనిపించదు. ఈ రకం నవలల్లో నాకు నచ్చేది అదే. అందుకే ఈ పూట వాటి ముగింపుల గురించి నాలుగు మాటలు చెబుదామనుకుంటున్నాను.

ఈ తరహాకి దారి వేసిన పుస్తకం అని చాలామంది చెప్పేది 1942లో అమెరికాలో వచ్చిన ‘సెవెంటీంత్ సమ్మర్’. రచయిత్రి మారీన్ డేలీ. రాసేనాటికి ఆవిడ కాలేజీలో చదువుకుంటున్నారు. కథ జరిగేది విస్కాన్సిన్ రాష్ట్రంలో, సరస్సు ఒడ్డున ఉన్న ఫాండ్ డు లాక్ అనే ఊళ్లో. ఆవిడ పెరిగిన ఊరూ అదే. యాంజీ అనే అమ్మాయి అప్పుడే హైస్కూల్ ముగించింది. జాక్ బేకరీ వాళ్లబ్బాయి, బ్రెడ్డు బండి మీద ఇంటింటికీ తిరుగుతుంటాడు. పడవ షికారుకి వస్తావా అని అడుగుతాడు, ఆ అమ్మాయి వెళుతుంది. అలా ఒక వేసవి గడుస్తుంది. అంతే కథ. విలన్ లేడు, కుట్రలు లేవు.

అందులో ఒక భోజనాల సన్నివేశం ఉంది. యాంజీ జాక్‌ని ఇంటికి భోజనానికి పిలుస్తుంది. ఇంట్లో అందరూ కాస్త పద్ధతిగా, మర్యాదగా తినే మనుషులు. జాక్ తింటుంటే చెంచా పళ్లకి తగిలి చప్పుడవుతుంది. ఇంకేమీ జరగలేదు, ఎవరూ ఏమీ అనలేదు. ఆ చిన్న చప్పుడుకే యాంజీకి తల తీసేసినట్టవుతుంది. అప్పటిదాకా తన కళ్లతో మాత్రమే చూసుకున్న అబ్బాయిని మొదటిసారి ఇంట్లోవాళ్ల కళ్లతో చూస్తుంది. ఇంతమాత్రానికే ఇలా అయిపోయానేమిటని తన మీద తనకే చిరాకు కూడా.

మొదటి ముద్దు గురించి ఎవరైనా రాస్తారు. ఈ చెంచా చప్పుడు రాయాలంటే మాత్రం పదిహేడేళ్ల వయసు ఇంకా ఒంట్లో ఉండాలి. ఆ వయసులో ప్రేమ ఇద్దరి మధ్యే ఉండదు. అమ్మ ఏమనుకుంటుందో, అక్క ఎలా నవ్వుతుందో, స్నేహితురాళ్లు వెనక ఏం చెప్పుకుంటారో, వీళ్లంతా ఆ బల్ల చుట్టూ కూర్చునే ఉంటారు.

వేసవి అయిపోతుంది. యాంజీ చదువుకోసం చికాగో బయల్దేరుతుంది. జాక్ వాళ్లు కుటుంబంతో సహా ఓక్లహోమా వెళ్లిపోతున్నారు. ఎవరూ ఎవరినీ మోసం చేయలేదు. వేసవి సెలవులు పూర్తయ్యాయి, అంతే.

ఇలాంటి కథల్ని ఎక్కువగా ‘నేను’ అని చెప్పిస్తారు. ఇరవై ఏళ్ల తర్వాత గుర్తుచేసుకుంటున్న ‘నేను’ కూడా కాదు, ఆ క్షణాన ఏడుస్తున్న ‘నేను’. ఈ గండం గడుస్తుందని పాఠకుడికి తెలుసు, చెప్పే పిల్లకి తెలియదు. పెద్దవాళ్లు ఈ పుస్తకాలు చదువుతూ విసుక్కునేది ఇందుకే అనుకుంటాను. ఫోన్ రాకపోతే ప్రపంచం మునిగిపోయినట్టు మూడు పేజీలా అంటారు. మునిగిపోయినట్టే ఉంటుంది మరి! పాత నవలల్లో ఇంటికంతటికీ ఒకటే ఫోను. అది మోగితే తమ్ముడు ముందు ఎత్తేస్తాడేమోనని టెన్షన్. ఇప్పటి నవలల్లో మెసేజ్ చూసినట్టు గుర్తు పడుతుంది గానీ జవాబు రాదు. సామాను మారింది, కడుపులో గుబులు అదే.

1980ల్లో ఈ రకం పుస్తకాలు ఫ్యాక్టరీ సరుకులా వచ్చాయి. 1983లో మొదలైన ‘స్వీట్ వేలీ హై’ సిరీస్ వాటిలో బాగా పేరున్నది. కాలిఫోర్నియాలో కవల అక్కచెల్లెళ్లు, ఒకతె బుద్ధిమంతురాలు, ఇంకొకతె గడుగ్గాయి. ఫ్రాన్సిన్ పాస్కల్ ఆ లోకాన్ని, మనుషుల్ని తయారుచేసి ఇస్తే, ఆ లెక్కలో వేరేవాళ్లు నవలలు రాసేవారు. కోట్ల ప్రతులు అమ్ముడుపోయాయి. ఎన్ని పుస్తకాలొచ్చినా ఆ అక్కచెల్లెళ్లకి పదహారు దాటి పదిహేడు రావడానికి యుగాలు పట్టింది. ఎదగని పిల్లల గురించి ఎదుగుదల కథ ఎలా రాస్తారో నాకైతే అర్థం కాదు. పిల్లలకి చదివే అలవాటు చేశాయి, ఆ పుణ్యం వాటికి దక్కాల్సిందే.

అంతకుముందే, 1975లో, జూడీ బ్లూమ్ రాసిన ‘ఫరెవర్’ వచ్చింది. దీని దగ్గర కాసేపు ఆగాలి. అప్పటి నవలల్లో పెళ్లికి ముందు హద్దు దాటిన అమ్మాయికి శిక్ష తప్పేది కాదు. గర్భం వస్తుంది, లేదా ఇల్లు విడిచిపోవాల్సి వస్తుంది, లేదా ఎవరో ఒకరు చచ్చిపోతారు. బ్లూమ్ కూతురు అవన్నీ చదివి తల్లిని ఒక కోరిక కోరిందట. ఇద్దరు మంచి పిల్లలు దగ్గరవుతారు, కానీ అందుకు ఎవరూ చావరు, అలాంటి కథ ఒకటి కావాలి అని. ఆ కోరికలోంచే ఈ నవల పుట్టిందని రచయిత్రి స్వయంగా చెప్పారు.

కథలో క్యాథరిన్, మైకేల్ ఒకరినొకరు గాఢంగా ఇష్టపడతారు. జీవితాంతం ఇలాగే ఉంటామని మాటిచ్చుకుంటారు. క్యాథరిన్ తొందరపడదు. తనంతట తను డాక్టర్ దగ్గరికి వెళ్లి అడగాల్సినవన్నీ అడుగుతుంది. ఆ తర్వాత వేసవి శిబిరంలో పనిచేయడానికి వెళుతుంది. అక్కడ థియో అనే ఇంకో కుర్రాడి మీద మనసు మళ్లుతుంది. తన మనసు మారిందని మైకేల్‌కి చెప్పాల్సి రావడం ఆ పుస్తకంలో అన్నిటికంటే కష్టమైన ఘట్టం. ఆ అమ్మాయి చెడ్డదని రచయిత్రి ఎక్కడా అనదు. తప్పు చేశావని వేలెత్తి చూపదు. చివరికి మిగిలేది థియో ఫోన్ చేశాడన్న కబురు.

లైబ్రరీల్లోంచి ఈ పుస్తకాన్ని తీసేయాలని అమెరికాలో ఎన్నోచోట్ల పట్టుబట్టారు. 1990ల్లో ఎక్కువ అభ్యంతరాలొచ్చిన పుస్తకాల జాబితాలో మొదటి పదిలో ఇది ఉంది. శరీరాల గురించి దాపరికం లేకుండా రాయడమే వాళ్ల అభ్యంతరం. ఎవరికి ఏ వయసులో ఇవ్వాలన్నది ఆలోచించాల్సిన విషయమే, పన్నెండేళ్ల పిల్లకి నేనూ ఇవ్వను. కానీ నాకు అనిపించేదేమిటంటే, కొందరిని అసలు కలవరపెట్టింది శిక్ష పడకపోవడం. ప్రేమించింది, ఆ ప్రేమ తీరిపోయింది, బతికి బట్టకట్టింది. ఇది మింగుడుపడటం కష్టమైంది.

2005 తర్వాత కొన్నాళ్లు రక్తపిశాచుల ప్రేమలు ఊపేశాయి. అమ్మాయి నిద్రపోతుంటే చెప్పకుండా గదిలోకొచ్చి రాత్రంతా చూస్తూ కూర్చునే కుర్రాడిని గొప్ప ప్రేమికుడు అన్నారు. నిజజీవితంలో అలాంటివాడు కనిపిస్తే పోలీసులకి ఫోన్ చేయాలి. చావులేని ప్రేమ కావాలంటే చావులేని మనిషే కావాలి కాబట్టి ఆ కథల ముగింపుల్లో ఎడబాటు బాధ లేకుండా పోయింది. నాకు వాటితో ఉన్న పేచీ ముఖ్యంగా అదే.

మళ్లీ నేల మీదకి దించినవాళ్లలో జెన్నీ హాన్ ఒకరు. 2014లో వచ్చిన ఆవిడ నవల పేరు ‘టు ఆల్ ద బాయ్స్ ఐ హావ్ లవ్డ్ బిఫోర్’. తను ఇష్టపడిన అబ్బాయిలకి ఉత్తరాలు రాసి, ఎవరికీ పంపకుండా పెట్టెలో దాచుకునే అమ్మాయి లారా జీన్. ఒకరోజు అవన్నీ పోస్టులో వెళ్లిపోతాయి. తల్లి కొరియన్ మూలాలున్న మనిషి, ఆవిడ చనిపోయింది. సినిమా తీస్తామని వచ్చిన చాలామంది నాయిక పాత్రకి తెల్లజాతి అమ్మాయిని పెడదామన్నారట. హాన్ పట్టు విడవలేదు. ఆసియా మూలాలున్న నటి ఉంటుందని ఒప్పుకున్న సంస్థకే హక్కులిచ్చారు. 2018లో సినిమా వచ్చింది.

ఆ వరుసలో మూడో పుస్తకం 2017లో వచ్చింది. లారా జీన్ తను ప్రేమించే అబ్బాయి చేరే యూనివర్సిటీలోనే చదవాలని కలలు కంటుంది, సీటు రాదు. ముందు దగ్గర్లో ఇంకో కాలేజీలో చేరి, ఏడాది తర్వాత అతని దగ్గరికి మారిపోదామని లెక్కలు వేసుకుంటుంది. ఈలోగా మూడు గంటల దూరంలో ఉన్న వేరే యూనివర్సిటీలో సీటొస్తుంది. ఆ ఊరు చూసి మనసు పారేసుకుంటుంది, అక్కడికే వెళతానంటుంది. ఇద్దరూ విడిపోరు. కానీ నాలుగేళ్ల తర్వాత ఏమయ్యారో ఆ పుస్తకంలో ఉండదు. కోపమొచ్చే పాఠకులుంటారు. నాకు మాత్రం ఆ సీటు తీసుకోవడమే కథకి సరైన ముగింపులా తోచింది.

ఈ పుస్తకాల్లో ఒకటే చదువుతానంటే ‘సెవెంటీంత్ సమ్మర్’ చదవండి. మొదట్లో చాలా నెమ్మదిగా నడుస్తుంది. తోట గురించీ వాతావరణం గురించీ వర్ణనలు ఎక్కువ. ఆ భోజనాల బల్ల వచ్చేదాకా ఓపిక పట్టండి. నమస్కారం.