ఎక్కడ మొదలుపెడితే అదే కథ: బాలాకోట్ వార్తల తీరు

(తెరపై: బాలాకోట్ మ్యాపు)

నమస్కారం. 2019 ఫిబ్రవరి 26 తెల్లవారుజామున భారత యుద్ధ విమానాలు పాకిస్తాన్‌లోని బాలాకోట్ దగ్గర బాంబులు జారవిడిచాయన్నంత వరకే రెండు దేశాలకూ ఏకాభిప్రాయం. అసలు ఆ కథ ఏ రోజున మొదలైందన్న దగ్గరే తేడా వచ్చింది. మన ఛానెళ్లకు అది 40 మంది సీఆర్పీఎఫ్ జవాన్లు చనిపోయిన ఫిబ్రవరి 14 నాటి పుల్వామా దాడితో మొదలైంది, కాబట్టి బాలాకోట్ ప్రతీకారమైంది. పాకిస్తాన్ ఛానెళ్లకు 26వ తేదీ గగనతల ఉల్లంఘనతో మొదలైంది, కాబట్టి మరునాటి తమ వైమానిక చర్యే జవాబైంది.

(తెరపై: విదేశాంగ కార్యదర్శి ప్రకటన)

అప్పటి విదేశాంగ కార్యదర్శి విజయ్ గోఖలే చదివిన ప్రకటన దీన్ని ‘సైనికేతర ముందస్తు చర్య’ అంది. బాంబులు వేసిన పనికి సైనికేతరమన్న పేరు వింతగా తోచవచ్చు గానీ, లక్ష్యం పాక్ సైన్యం కాదు, ఉగ్రవాద శిబిరం అని చెప్పడమే దాని ఉద్దేశం. అందులో మృతుల సంఖ్య లేదు. అయినా సాయంత్రానికి ‘విశ్వసనీయ వర్గాల’ పేరుతో మూడు వందలన్న అంకె తెరల మీదికి ఎక్కేసింది. పాక్ సైన్యమేమో చెట్లు తప్ప ఏమీ దెబ్బతినలేదని చెప్పి, విలేకరులను గుంతలు పడిన కొండవాలుకు తీసుకెళ్లింది. శిబిరమని భారత్ చెప్పిన అసలు మదరసాలోకి మాత్రం వారిని ఏప్రిల్ 10న గానీ రానివ్వలేదు. ఆ జాప్యానికి అక్కడి వార్తల్లో దక్కాల్సినంత చోటు దక్కలేదనే నా అభిప్రాయం.

మనం పీవోకే అనే ప్రాంతాన్ని పాక్ పత్రికలు ఆజాద్ కశ్మీర్ అంటాయి, బీబీసీ ‘పాకిస్తాన్ పాలనలోని కశ్మీర్’ అంటుంది. బాలాకోట్ నిజానికి ఆ ప్రాంతంలో లేదు, ఖైబర్ పఖ్తూన్‌ఖ్వాలో ఉంది. వివాదం లేని పాకిస్తాన్ భూభాగంలో దాడి జరిగిందన్నదే ఆ రోజు అసలు విశేషం.

(తెరపై: పక్కపక్కన రెండు ఫ్రేములు)

27న పాకిస్తాన్‌కు పట్టుబడిన మన వైమానిక దళ వింగ్ కమాండర్ అభినందన్ వీడియోలు చూడండి. ఒకదానిలో కళ్లకు గంతలు, ముఖంపై రక్తం. మరొకదానిలో చేతిలో టీ కప్పు. మొదటిదాన్ని పట్టుకుని భారత్ యుద్ధంలో పట్టుబడినవారి పట్ల ఎలా మెలగాలో చెప్పే జెనీవా ఒప్పందాన్ని గుర్తుచేసింది, రెండోదాన్ని పట్టుకుని పాకిస్తాన్ తన మర్యాదను చాటుకుంది. మార్చి 1న ఆయన వాఘా దాటి వచ్చినప్పుడు ఇమ్రాన్ ఖాన్ మాటల్లో అది శాంతి సంకేతం, మన వైమానిక దళం మాటల్లో అది జెనీవా ఒప్పందం ప్రకారం జరగాల్సిన పని.