క్వెడ్లిన్‌బుర్గ్‌లో మట్టిగోడల మేడలు

అందరికీ నమస్కారం. "అద్దాల భవనాలు చాలుగానీ, అక్కడివాళ్ల పాత ఇళ్లు చూపించమ్మా" అని పెద్దమ్మ ఎప్పటినుంచో అడుగుతోంది. అందుకే ఈ ఆదివారం మాగ్డెబుర్గ్ నుంచి రైలెక్కి క్వెడ్లిన్‌బుర్గ్ వచ్చాను. జర్మనీలో హార్జ్ కొండల పక్కన, బోడె నది ఒడ్డున ఉన్న చిన్న ఊరిది. ఆదివారం కాబట్టి కిరాణా కొట్లన్నీ మూసే ఉన్నాయి. జర్మనీ అంతటా ఇంతే, పాల ప్యాకెట్టయినా శనివారమే కొని పెట్టుకోవాలి. కాఫీ హోటళ్లు మాత్రం తెరిచి ఉంటాయి. కాఫీ, చీజ్ కేకు ముక్క కలిపి తొమ్మిది యూరోలయింది. మన లెక్కలో తొమ్మిది వందల పైమాటే. కేకు మాత్రం చాలా బాగుంది.

ఇక ఇళ్లు చూడండి. ఇలాంటివి ఊళ్లో వెయ్యికి పైగా ఉన్నాయి. ముందు ఓక్ దూలాలతో చట్రం నిలబెడతారు. ఒక దూలానికి తొలిచిన గాడిలో ఇంకో దూలం కొసను దూర్చి, చెక్క మేకు దిగ్గొడతారు. దూలాల మధ్య ఖాళీల్లో కర్రలు నిలిపి, సన్నని కొమ్మలతో తడిక అల్లి, గడ్డి కలిపిన మట్టి మెత్తుతారు. ఇదిగో, ఈ మూల సున్నం ఊడిన చోట గడ్డిపరకలు కనిపిస్తున్నాయి చూడండి. పై అంతస్తు కింది అంతస్తు కన్నా జానెడు ముందుకు వచ్చింది. దాని కింద వరసగా కనిపించే దూలాల కొసలను పిరమిడ్ ఆకారంలో చెక్కారు. ఆ చెక్కడం ఈ ఊరి వడ్రంగుల ప్రత్యేకత.

వర్డ్‌గాసె అనే సందులో ఉన్న ఈ ఇల్లు 1347 ప్రాంతానిది. కలపలోని వలయాలను బట్టి ఆ వయసు తేల్చారు. దీని నిట్రాళ్లు నేల నుంచి పైకప్పు దాకా ఏకంగా సాగుతాయి. అంతస్తుకో చట్రం పేర్చే పద్ధతి ఆ తరవాత వచ్చింది. 1960ల దాకా ఇందులో మనుషులు కాపురం ఉన్నారు, ఇప్పుడు మ్యూజియం. లోపల నిలబడితే నాకు తాతగారి మండువా లోగిలి కళ్లముందు కదిలింది. నేను పదో తరగతిలో ఉండగా దాన్ని పడగొట్టారు. టేకు స్తంభాలను ఎవరో కొనుక్కుపోయారు. ఆ ఇల్లే ఉంటే సెలవులకు వచ్చినప్పుడు నేరుగా అక్కడికే వెళ్లేదాన్ని. ఇప్పుడు ఎవరింట్లో ఎన్ని రోజులుండాలో ముందే ఫోన్లలో మాట్లాడుకోవాల్సి వస్తోంది.

ఈ ఊరి చరిత్రలో నాకు అన్నిటికన్నా నచ్చింది ఆడవాళ్ల పాలన. 936లో జర్మనీ రాజు హెన్రీ చనిపోతే ఈ ఊరి కోట ఉన్న కొండమీదే సమాధి చేశారు. ఆయన భార్య మటిల్డా, కొడుకు ఒట్టో కలిసి అక్కడ గొప్పింటి ఆడపిల్లల కోసం ఒక మఠం పెట్టారు. మఠాధిపతి అయిన స్త్రీయే ఈ ఊరికి ఏలిక. 994లో ఇక్కడ సంత నడుపుకునే హక్కు కూడా చక్రవర్తి నుంచి మఠాధిపతికే దక్కింది. మధ్యలో ఊరి వర్తకులు బలపడి, స్వతంత్రానికి గుర్తుగా బజారులో రోలాండ్ అనే వీరుడి విగ్రహం నిలిపారు. 1477లో మఠాధిపతి హెడ్విగ్ తన అన్నదమ్ముల సైన్యాన్ని పిలిపించి ఊరిని లొంగదీసింది, విగ్రహాన్ని పడగొట్టించింది. వందల ఏళ్ల తరవాత దాన్ని మళ్లీ నిలబెట్టారు. ఇదిగో, టౌన్‌హాలు గోడ పక్కన ఉన్నది అదే.

కోటకు బయలుదేరినదాన్ని డొరొటేయా ఎర్క్స్‌లెబెన్ గుర్తొచ్చి ఆగిపోయాను. ఆమె 1715లో ఈ ఊళ్లోనే పుట్టింది. తండ్రి దగ్గర వైద్యం నేర్చుకుంది. పట్టా లేకుండా వైద్యం చేస్తోందని ఊరి డాక్టర్లు ఫిర్యాదు చేస్తే, హాలె విశ్వవిద్యాలయంలో పరీక్షకు కూర్చుని 1754లో వైద్యంలో డాక్టరేట్ సాధించింది. జర్మనీలో ఆ పట్టా అందుకున్న మొదటి మహిళ ఆమే. అప్పటికి సవతి పిల్లలతో కలిపి పెద్ద సంసారం ఆమెది. చిన్నీ, ఎంబీబీఎస్ పుస్తకాలు పక్కన పెట్టి ఈ ముక్క నువ్వు తప్పకుండా చూడాలి.

ఇంత పాత ఊరు మిగలడం వెనక ఒక విచిత్రం ఉంది. తూర్పు జర్మనీ కాలంలో పాత బస్తీని పడగొట్టి కొత్తగా కట్టాలని ప్రభుత్వం అనుకుంది, కానీ డబ్బు లేక ఆ పని సాగలేదు. అయినా బజారుకు ఉత్తరాన కొన్ని వీధుల్లో పాత ఇళ్లు తీసేసి కాంక్రీటు పలకలతో కట్టారు. అటు వెళితే తేడా వెంటనే తెలిసిపోతుంది. మిగిలిన చాలా ఇళ్లకు మరమ్మతులు లేక కప్పులు కారిపోయాయి. 1989లో ఆ ప్రభుత్వం కూలాక పడగొట్టడాలు ఆగాయి. 1994లో యునెస్కో ఈ ఊరిని ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. ఇప్పుడు ఇలాంటి ఇంటికి కిటికీ మార్చాలన్నా ముందు అనుమతి తీసుకోవాలి.

ఇదిగో, ఇక్కడ పరంజా కట్టిన ఇల్లు ఒకటి ఉంది. అడుగున ఉన్న దూలాన్ని పుచ్చిన మేరకే కోసి, కొత్త ఓక్ ముక్క అతికించారు. మిగతా దూలమంతా పాతదే, నల్లగా, గట్టిగా ఉంది. ఇలా బాగు చేయడానికి ఓపిక, డబ్బు రెండూ కావాలి. ఈ ఊరివాళ్లు ఆ రెండూ పెడుతున్నందుకు నాకు చాలా సంతోషంగా ఉంది.

పెద్దమ్మా, కోట ఎక్కడానికి వేళ మించిపోయింది. పైనున్న చర్చి నిధిలో కొంత భాగాన్ని 1945లో ఒక అమెరికా సైనికాధికారి టెక్సస్ తరలించాడు. అందులో చాలావరకు 1990లలో తిరిగి ఇక్కడికి చేరింది. అదంతా తీరిగ్గా చూపించాలంటే పొద్దున్నే రావాలి. రైలు టైమయింది, స్టేషన్‌కు వెళుతున్నాను.