కరివేపాకులో కోనిగ్: మనుషుల పేర్లు మోసే శాస్త్రీయ నామాలు

అందరికీ నమస్కారం.

పోపులో వేసే కరివేపాకుతో మొదలుపెడదాం. తినేటప్పుడు ఏరి పక్కన పెట్టే ఆ రెమ్మకు శాస్త్రీయ నామం మురయా కోనిగీ. రెండు మాటలు, రెండూ మనుషుల పేర్లే. మొదటివాడు యోహాన్ ఆండ్రియాస్ ముర్రే. జీవులకు రెండు మాటల పేర్లు పెట్టే పద్ధతిని స్థిరపరచిన లిన్నేయస్‌కు శిష్యుడు, గ్యోటింగెన్‌లో పాఠాలు చెప్పాడు. రెండోవాడు యోహాన్ గెర్హార్డ్ కోనిగ్, అతనూ లిన్నేయస్ శిష్యుడే. తరంగంబాడికి వైద్యుడిగా వచ్చాడు, ఆర్కాటు నవాబు కొలువులో ఉన్నాడు, 1778 నుంచి ఈస్టిండియా కంపెనీకి ప్రకృతి శాస్త్రవేత్తగా పనిచేశాడు. 1785లో జిగట విరేచనాలతో మన కాకినాడ జగన్నాథపురంలోనే పోయాడు. దగ్గరుండి చూసుకున్నవాడు వృక్షశాస్త్రవేత్త విలియం రాక్స్‌బరో.

ఇప్పుడు ఆ పేరును అక్షరాలుగా విడదీద్దాం. జర్మన్‌లో కోనిగ్ అనే మాటలో ఓ మీద రెండు చుక్కలుంటాయి. శాస్త్రీయ నామంలో చుక్కలు, గీతలు ఉండకూడదు కనుక ఆ అక్షరం ఓ, ఇ అని రెండు అక్షరాలైంది. చివర జి హల్లు. వృక్షశాస్త్ర నియమావళి ప్రకారం మగవారి పేరు హల్లుతో ముగిస్తే రెండు ఐలు, అచ్చుతో ముగిస్తే ఒక ఐ చేర్చాలి. ఇ-ఆర్‌తో ముగిసే పేర్లు మినహాయింపు. హుకర్ పేరు హుకెరీ అవుతుంది, అక్కడ ఐ ఒక్కటే. కోనిగీలో ఐలు రెండు. మనం పలికేటప్పుడు రెండూ ఒకేలా వినిపిస్తాయి కాబట్టి పిల్లలు పరీక్షలో ఒకటి రాసి వదిలేస్తారు. ఆ చివరి అక్షరం షష్ఠీ విభక్తి. 'కోనిగ్ యొక్క' అని అర్థం.

ఇక్కడే ఇంకో గందరగోళం తీర్చేయాలి. మురయా కోనిగీ పక్కన బ్రాకెట్లో ఎల్. అని, దాని తర్వాత స్ప్రెంగ్. అని ఉంటుంది. వీళ్లు గౌరవం పొందినవాళ్లు కారు, పేరు పెట్టినవాళ్లు. ఎల్. అంటే లిన్నేయస్. ఆయన 1771లో ఈ చెట్టుకు బెర్గెరా కోనిగీ అని పేరు పెట్టాడు. తర్వాత స్ప్రెంగెల్ దాన్ని మురయా ప్రజాతిలోకి, అంటే ఆ పేరున్న దగ్గరి జాతుల గుంపులోకి, మార్చాడు. అందుకే మొదటివాడు బ్రాకెట్లోకి వెళ్లాడు. తన పేరు తానే పెట్టుకోకూడదని నియమావళిలో ఎక్కడా లేదు. కానీ ఎవరూ పెట్టుకోరు, పెట్టుకుంటే నలుగురూ నవ్వుతారు. పని చేసిన మనిషి పేరు రచయిత స్థానంలో ఎలాగూ మిగులుతుంది.

నేను చెప్పదలచుకున్న అసలు సంగతికి రక్తపింజర కన్నా మంచి ఉదాహరణ దొరకదు. 1785 తర్వాత కోనిగ్ ఖాళీ చేసిన స్థానంలోకి వచ్చినవాడు పాట్రిక్ రస్సెల్. విశాఖపట్నంలో ఉండి కోరమండల్ తీరపు పాముల్ని పోగుచేశాడు. 1796లో వచ్చిన అతని పుస్తకంలో బొమ్మల పక్కన స్థానిక పేర్లే ఉంటాయి. రక్తపింజర బొమ్మకు అతను ఇచ్చిన పేరు 'కాటుకరేకుల పొడ'. ఎవరో మన్యం మనిషో, పాములవాడో చెప్పిన మాట అది. ఒంటి మీద నల్ల అంచు ఉన్న మచ్చల వరసను ఒక్క మాటలో పట్టుకుంది. మరుసటి ఏడాది, 1797లో, లండన్‌లో షా, నోడర్ ఆ పామును శాస్త్రీయంగా వర్ణించి రస్సెల్ గౌరవార్థం పేరు పెట్టారు. పెడుతూ ఒక ఎల్ మింగేశారు. మనిషి పేరులో ఎల్‌లు రెండు, పాము పేరులో ఒకటే. ఈ రోజుకీ సరైన రూపం ఆ ఒంటి ఎల్ ఉన్న డబోయా రస్సెలీయే.

ఎందుకు సరిచేయలేదు? జంతునామ నియమావళి మొదటి ప్రచురణలో అచ్చయిన రూపానికే కట్టుబడుతుంది. అది చేతి తప్పో, అచ్చుతప్పో అని ఆ ప్రచురణలోనే సాక్ష్యం కనిపిస్తే తప్ప ముట్టుకోనివ్వదు. 'మనిషి ఇంటిపేరులో రెండు ఎల్‌లున్నాయి' అని బయటి నుంచి తెచ్చే సాక్ష్యం చెల్లదు. మంచి ఉద్దేశంతో రెండో ఎల్ చేర్చినవాళ్లే తప్పు చేసినట్టు. పాత పుస్తకాల్లో, ఆసుపత్రి కరపత్రాల్లో రెండు ఎల్‌ల రూపం ఇంకా తిరుగుతూనే ఉంది. ఆంగ్ల వ్యవహార నామం రస్సెల్స్ వైపర్‌లో మాత్రం రెండు ఎల్‌లే రాయాలి, ఎందుకంటే ఆ పేరు నియమావళి పరిధిలోకి రాదు.

వృక్షశాస్త్రం ఈ విషయంలో వేరే దారి పట్టింది. అక్కడ గౌరవ నామపు తోక తప్పుగా ఉంటే ఎవరైనా సరిదిద్దవచ్చు, సరిదిద్దాలి కూడా. ఈ తేడా కర్నల్ బెడ్డోమ్ పేరు దగ్గర బాగా తెలుస్తుంది. ఆయన మద్రాసు అటవీశాఖ అధికారి. తిరుమల కొండల్లో ఈత మొక్కలా కనిపించే సైకస్ ఒకటుంది. 1883లో డయర్ దానికి సైకస్ బెడ్డోమియై అని పేరు పెట్టాడు. అంతరించే ప్రమాదం ఉన్న జాతుల వ్యాపారాన్ని అదుపుచేసే సైటిస్ ఒప్పందంలో అన్నిటికన్నా కఠినమైన మొదటి అనుబంధంలో ఉన్న మొక్క అది. బెడ్డోమ్ స్పెల్లింగు ఇ అనే అచ్చుతో ముగుస్తుంది కనుక ఒక ఐ చేరింది. ఆ ఇ కూడా నిలిచింది. జంతువుల్లో చూడండి: పడమటి కనుమల ఇండిరానా కప్పకు పెట్టినప్పుడు ఆ ఇ పోయి రెండు ఐలు వచ్చాయి, కాలియోఫిస్ పగడపు పాముకు పెట్టినప్పుడు ఇ ఉండి ఒక ఐ వచ్చింది. ఒకే మనిషి, రెండు స్పెల్లింగులు, రెండూ సరైనవే. ఒకదాన్ని చూసి రెండోదాన్ని దిద్దితే జంతుశాస్త్రంలో అదే తప్పు.

కొత్తగా పేరు పెట్టబోయే మనవాళ్లకు అసలు చిక్కు తెలుగు పేర్లతోనే వస్తుంది. రావు అనే మాటను కొందరు చివర ఓ పెట్టి రాస్తారు, కొందరు డబ్ల్యూ పెడతారు. ఓ అచ్చు కనుక మొక్కకు ఒక ఐ, డబ్ల్యూ హల్లు కనుక రెండు ఐలు. రెడ్డిలో చివరి వై అచ్చు కిందే లెక్క, ఒక ఐ చాలు. కృష్ణ, రామయ్య లాగా 'ఎ' అక్షరంతో ముగిసే పేర్లకు మొక్కల్లో ఐ కాదు, ఇ చేరుతుంది. దొన్నెలాంటి ఆకులుండే కృష్ణ మర్రికి ఫైకస్ కృష్ణే అని పేరు వచ్చింది అలాగే. చూడటానికి అది స్త్రీ పేరులా ఉంటుంది, కానీ తప్పు కాదు. జంతువులకైతే పురుషుడి పేరుకు ఐ, స్త్రీ పేరుకు ఎ-ఇ, ఇద్దరు ముగ్గురు పురుషులకో, స్త్రీపురుషులకు కలిపో ఓరమ్, అందరూ స్త్రీలైతే ఆరమ్. ఇంటిపేరు వాడాలా, పెట్టిన పేరు వాడాలా అని ఏ నియమావళీ అడగదు. పక్షి శాస్త్రవేత్త సాలిం అలీ పేరు మొత్తం కలిపి సాలిమలీ అని ఒక మాటగా చేశారు. ఆ మనిషి సంతకంలో ఏ స్పెల్లింగు వాడతారో రాతపూర్వకంగా తెప్పించుకుని, దానికే తోక తగిలించడం మేలు. పాస్‌పోర్టులో ఒకటి, పరిశోధన పత్రాల్లో ఇంకొకటి ఉండటం మన దగ్గర మామూలే.

షష్ఠీ రూపం ఒక్కటే కాదు, విశేషణ రూపమూ ఉంది. వృక్ష శాస్త్రవేత్త జానకీ అమ్మాళ్ పేరుతో రెండూ దొరుకుతాయి. ద్రవిడోగెక్కో జానకియే అనే బల్లిది 2019లో పెట్టిన పేరు. 'జానకి యొక్క' అని అర్థం. సొనెరిలా జానకియానా అనే మొక్క పేరుకు 'జానకికి చెందిన' అని అర్థం, విశేషణం. తేడా ఎక్కడ బయటపడుతుందంటే, జాతిని ఒక ప్రజాతి నుంచి ఇంకో ప్రజాతికి మార్చినప్పుడు. షష్ఠీ రూపం కదలదు. విశేషణం మాత్రం కొత్త ప్రజాతి లింగాన్ని బట్టి ఆనా, ఆనస్, ఆనమ్ అని తోక మార్చుకుంటుంది. మా సలహా అడిగితే షష్ఠీయే వాడమంటాం, తర్వాతివాళ్లకు ఒక పని తగ్గుతుంది.

ప్రజాతికి మనిషి పేరు పెట్టడం ఇంకా ప్రమాదం. జాతి పేరు ఆ ప్రజాతిలో ఒక్కటే ఉంటే చాలు. సాలిం అలీ పేరు ఒక గబ్బిలానికీ ఉంది, 2016లో వర్ణించిన ఒక హిమాలయ పక్షికీ ఉంది, గొడవ లేదు. ప్రజాతి పేరు అలా కాదు, మొత్తం జంతు లోకంలో ఒక్కటే ఉండాలి. గోదావరి లోయలో, ఇప్పటి తెలంగాణలో, మలేరి శిలల్లో దొరికిన ఒక చిన్న డైనోసార్‌కు 1987లో శంకర్ ఛటర్జీ బ్రిటిష్ శాస్త్రవేత్త ఆలిక్ వాకర్ పేరిట వాకేరియా అని పెట్టాడు. తీరా చూస్తే ఆ పేరు పందొమ్మిదో శతాబ్దంలోనే నీటిలో గుంపుగా బతికే బ్రయోజోవా అనే వర్గంలోని ఓ చిన్న జంతువుకు ఇచ్చేశారు. 1994లో ముందు 'అల్' తగిలించి ఆల్వాకేరియా అని మార్చాల్సి వచ్చింది. నామసూచికల్లో ముందే వెతికి ఉంటే ఏడేళ్ల తర్వాత ఈ అతుకు పడేది కాదు. అదే లోయలోని కోటా శిలల్లో దొరికిన పెద్ద డైనోసార్ బరపాసారస్ టాగోరై. టాగోర్ శతజయంతి ఏడాది 1961లో తవ్వకాలు సాగాయి కనుక 1975లో ఆ పేరు పెట్టారు. దాని పక్క జీవి కోటాసారస్ యామన్‌పల్లియెన్సిస్ ఊరి పేరు తీసుకుంది. హైదరాబాదు బిర్లా సైన్స్ మ్యూజియంలో నిలబెట్టిన అస్థిపంజరం అదే.

ప్రజాతి గౌరవాల్లో మనకు దగ్గరిది సుబ్బారోమైసెస్. భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు 1948లో పోయాక, 1953లో హెసెల్టైన్ ఒక శిలీంధ్రానికి ఆ పేరు పెట్టాడు. అది మురుగునీటిని రాళ్ల మీదుగా జారవిడిచి శుద్ధిచేసే వడపోత తొట్లలో దొరికింది. మురుగులోనా గౌరవం అని ముఖం చిట్లించుకోనక్కర్లేదు. సూక్ష్మజీవుల నుంచి మందులు వెలికితీసే పనిని నడిపించిన మనిషికి సరిపోయిన చోటే అది. జాతి పేరు స్ప్లెండెన్స్, అంటే మెరిసేది. సుబ్బారావు ఆంగ్లంలో తన పేరు చివర రాసుకునే డబ్ల్యూ మాత్రం ప్రజాతి పేరులోకి రాలేదు.

పేరు చెల్లాలంటే గౌరవం ఒక్కటే చాలదు. పేరు ఒక నమూనాకు కట్టి ఉండాలి. జంతువులకు 1999 తర్వాత ఆధార నమూనా ఏదో, ఏ సంగ్రహంలో ఉందో పత్రంలో చెప్పి తీరాలి. మొక్కలకు 1958 నుంచే ఆధార నమూనా తప్పనిసరి. 2012 నుంచి వర్ణన లాటిన్‌లోనో ఆంగ్లంలోనో ఉంటే చాలు. ఆన్‌లైన్‌లో మాత్రమే వచ్చే జంతునామాన్ని జూబ్యాంకు అనే జంతునామాల రిజిస్టరులో నమోదు చేసి, ఆ నమోదు సంగతి పత్రంలోనే అచ్చువేయాలి. మన దేశంలో ఇంకో మెట్టుంది: 2002 జీవవైవిధ్య చట్టం 39వ సెక్షను ప్రకారం కొత్త జాతి కనిపెట్టినవారు గుర్తింపు పొందిన భాండాగారానికి తెలియజేసి నమూనా అక్కడ జమచేయాలి. ఎక్కువగా జరిగే పొరపాటు తొందర. పత్రం అచ్చుకాకముందే పేరు వార్తల్లో వస్తుంది, ఒక సిద్ధాంత గ్రంథంలో కనిపిస్తుంది. వర్ణన లేని ఆ పేరు నియమావళి దృష్టిలో లేనట్టే. ఈలోగా వేరొకరు అదే జీవికి ఇంకో పేరు సక్రమంగా అచ్చువేస్తే, అదే నిలుస్తుంది. మీరు గౌరవించాలనుకున్న పెద్దాయన చేతికి వార్తాపత్రిక కత్తిరింపు మాత్రం మిగులుతుంది.

నమూనా విలువ ఏమిటో సాలిం అలీ గబ్బిలమే చెబుతుంది. 1948లో తమిళనాడు కొండల్లో హట్టన్ పట్టిన ఆ గబ్బిలం వేరే మామూలు జాతి పేరుతో బొంబాయి సంగ్రహంలో పడి ఉంది. థాయ్ శాస్త్రవేత్త థోంగ్లోంగ్యా పళ్లు లెక్కపెట్టి అది వేరని తేల్చాడు. 1972లో లాటిడెన్స్ సాలిమలీ అయింది. చీటీ తప్పయినా నమూనా భద్రంగా ఉంది కాబట్టి సరిపోయింది.

గౌరవానికి అర్హత లేనివాళ్ల సంగతి? స్లొవేనియా గుహల్లోని కళ్లులేని పెంకుపురుగు ఒకటి 1937 నుంచి హిట్లర్ పేరు మోస్తోంది. ఆ పేరు మోజుతోనే కొందరు దాన్ని పట్టి అమ్ముకుంటున్నారు, జాతికే ముప్పు తెచ్చారు. జంతునామ సంఘం నైతిక కారణాలతో పేర్లు మార్చబోమని 2023లో చెప్పింది. వృక్షశాస్త్రజ్ఞులు 2024లో మాడ్రిడ్‌లో కొంత కదిలారు. ఆఫ్రికా ప్రజలను కించపరిచే 'కాఫ్రా' వంటి పేర్లలో మొదటి సి తీసేయాలని 351–205 ఓట్లతో తీర్మానించారు. 2026 నుంచి కొత్తగా పెట్టే పేర్లు కించపరిచేలా ఉంటే తిరస్కరించే ఏర్పాటూ చేశారు. పాత పేర్లన్నీ తిరగదోడితే వేల పుస్తకాలు, సంగ్రహాల చీటీలు అర్థం కోల్పోతాయనే వాదనలో బలముంది. కానీ ఆ వాదన పాతవాటికే. ఇవాళ పెట్టే పేరుకు సాకు లేదు. పడగలు, పాదముద్రలు చదివి జీవిని చూపించిన మనిషి పేరు పెట్టడానికి నియమావళి ఎప్పుడూ అడ్డు రాలేదు. 'బంగారు పాము' అని రస్సెల్‌కు చెప్పిన వ్యక్తి పేరు మనకు దక్కలేదు, ఆ మాట మాత్రం బంగారస్ అనే ప్రజాతిగా కట్లపాములన్నిటికీ తలమీద కూర్చుంది. సోమిద చెట్టు సొయ్‌మిడా అయింది కూడా అలాగే.

చివరగా కరివేపాకు చీటీ. ఇప్పుడు కొన్ని సూచికలు దాన్ని మురయా నుంచి తీసి, లిన్నేయస్ పెట్టిన బెర్గెరాలోకే మళ్లీ చేరుస్తున్నాయి. మీ కాలేజీ హెర్బేరియంలో, అంటే ఎండబెట్టిన మొక్కల సంగ్రహంలో, ఏది రాసినా, కోనిగీ షష్ఠీ కనుక అక్షరం మారదు. ప్రజాతి బెర్గెరా అని రాస్తే ఎల్. మీది బ్రాకెట్టు తీసేసి, స్ప్రెంగ్. అన్నది కొట్టేయండి. చివర రెండు ఐలు ఉన్నాయో లేదో మాత్రం ఒకసారి చూసుకోండి.